వాడపల్లిలో ‘వాడ’ ఏ వాడ?

దామరచర్ల నుంచి, అడిగినవారు:

అందరికీ నమస్కారం. మా బడి దామరచర్ల మండలంలో ఉంది. ఎనిమిదో తరగతి పిల్లలకు ‘మన ఊళ్ల పేర్లు’ అని చిన్న ప్రాజెక్టు ఇచ్చాం. అది వాడపల్లి దగ్గర ఆగిపోయింది. కృష్ణలో మూసీ కలిసే వాడపల్లి, లక్ష్మీనరసింహస్వామి గుడి, మీనాక్షీ అగస్త్యేశ్వరుల గుడి ఉన్న వాడపల్లి గురించే అడుగుతున్నాను.

పిల్లల్లో సగం మంది ఇంట్లో పెద్దవాళ్లను అడిగి ‘ఓడలు ఆగే పల్లె కాబట్టి ఓడపల్లి, అదే వాడపల్లి అయింది’ అని రాసుకొచ్చారు. మా సోషల్ సార్ ఒప్పుకోవడం లేదు. ‘వాడ అంటే వీధి, పేట. విజయవాడ, వేములవాడ ఎట్లనో ఇదీ అంతే. సముద్రం ఎక్కడ, నల్లగొండ ఎక్కడ? ఓడ ఇక్కడిదాకా ఎట్లొస్తది?’ అంటున్నారు. ఊరికి వజీరాబాద్ అనే పేరు కూడా ఉంది కానీ దానితో ఈ తగువు తీరదు. పిల్లలు నోటుబుక్కులు పట్టుకుని కూర్చున్నారు. ఏదో ఒకటి చెప్పి పంపించడం నాకు ఇష్టం లేదు. మాటను మాటగా చూసి చెప్పగలవారు చెప్పండి.

మిర్యాలగూడ నుంచి:

టీచర్ గారూ, మంచి ప్రశ్న వేశారు. నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను: పిల్లలు రాసుకొచ్చిందే సరైనదని నేను నమ్ముతున్నాను. కానీ ‘ఓడ’ అనగానే మీ సార్ కళ్ల ముందు కనిపిస్తున్న ఓడ వేరు, ఆ పల్లెకు పేరు పెట్టినవాళ్ల ఓడ వేరు. ఆ తేడా పట్టుకుంటే సగం గొడవ పోతుంది.

మొదట మాట ఉన్న చోటు చూడండి. విజయవాడ, వేములవాడ అన్నప్పుడు ‘వాడ’ చివర ఉంది. అది ఊరిని చెప్పే మాట, దాని ముందున్నది ఆ ఊరిని మిగతా ఊళ్ల నుంచి వేరు చేసే మాట. వాడపల్లిలో ఊరిని చెప్పే పని ‘పల్లి’ చేస్తోంది. ముందున్న మాట ఆ పల్లె గుర్తేమిటో చెప్పాలి. చింతచెట్టు ఉంటే చింతపల్లి. ‘వీధి ఉన్న పల్లె’ అంటే గుర్తేముంది? వీధి లేని పల్లె ఎక్కడుంటుంది? అలాంటి పేరు ఉండనే ఉండదని అనను, కానీ నది ఒడ్డున రెండు నదులు కలిసే చోట నిలబడ్డ ఊరిని పక్క ఊరివాళ్లు ‘వీధుల పల్లె’ అని పిలిచారంటే నాకు నమ్మకం కుదరదు.

ఇక ధ్వని. తెలుగులో మాట మొదట ‘ఒ, ఓ’ ఉంటే నోట్లో ముందు ఒక ‘వ’ పలుకుతుంది. ఒకటి అని రాసి ‘వొకటి’ అంటాం. ఒంగోలును వంగోలు అనేవాళ్లున్నారు, ఒంటిమిట్టను వంటిమిట్ట అనేవాళ్లున్నారు. మన ఓరుగల్లు వరంగల్ అయింది. ఎదురు దారిలో కూడా నడుస్తుంది: పిల్లవాడు పిల్లోడయ్యాడు, పాలవాడు పాలోడయ్యాడు. వా, ఓ ఈ రెండూ మన నోట్లో రోజూ చోటు మార్చుకునేవే. ఓడ, వోడ, వాడ అని జారడానికి అడ్డేమీ లేదు.

అడ్డు లేదన్నంత మాత్రాన జరిగిందని కాదు కదా, సాక్ష్యం కావాలి. అది కోస్తాలో దొరుకుతుంది. చీరాల దగ్గర సముద్రపు ఒడ్డున వాడరేవు ఉంది. అది వీధుల రేవు కాదు, ఓడల రేవు. శ్రీకాకుళం, విశాఖ తీరంలో సముద్రం మీద బతికే వాడబలిజల పేరులోని ‘వాడ’ కూడా ఓడే. గోదావరి ఒడ్డున, కోనసీమలో, వెంకటేశ్వరస్వామి ఉన్న ఇంకో వాడపల్లి ఉంది. ఆ ఊరి స్థలపురాణం దాన్ని ‘నౌకాపురి’ అంటుంది. సంస్కృతంలోకి మార్చిన పెద్దమనిషికి వాడ అంటే వీధి అని తోచి ఉంటే ‘వీథీపురి’ అనేవాడు. నౌక అన్నాడంటే ఆయన కాలానికి వాడ అంటే ఓడ అన్న ఎరుక జనంలో బతికే ఉంది. ఒకే పేరున్న రెండు ఊళ్లు. ఒకటి కృష్ణ మీద, ఒకటి గోదావరి మీద. రెండూ పెద్ద నది ఒడ్డునే.

ఇప్పుడు మీ సార్ అడిగిన ‘సముద్రం ఎక్కడ, నల్లగొండ ఎక్కడ’ అన్న మాట. ఓడ అంటే సముద్రం మీద తిరిగే పెద్ద నౌక అని మనం బడిలో నేర్చుకున్నాం. పాత తెలుగులో అంత ఖచ్చితమైన హద్దు లేదు. ‘ఏరు దాటేదాకా ఓడ మల్లయ్య, ఏరు దాటాక బోడి మల్లయ్య’ అంటాం. అందులో సముద్రం లేదు, ఏరే ఉంది. మల్లయ్య ఏరు దాటించే మనిషి, ఆయన చేతిలో ఉన్నది ఓడ. వేమన ‘నీళ్లలోన నోడ నిగిడి దిన్నగ బ్రాకు’ అన్నాడు. అక్కడా నీళ్లన్నాడే గానీ సముద్రమనలేదు. ఇదే మాట తమిళంలో ఓడం, కన్నడంలో ఓడ. అక్కడ కూడా చిన్న పడవ నుంచి పెద్ద నావ దాకా దేనికైనా చెల్లుతుంది. ఇంకా దూరం పోతే లక్షద్వీప్ వాళ్లు కొబ్బరిపీచు తాడుతో చెక్కలను కుట్టి కట్టే తెరచాప పడవను ఓడం అంటారు, మాల్దీవుల వాళ్ల సరకు పడవ పేరు ఓడి. మధ్య సముద్రంలోని ఆ దీవుల మాట, మన కృష్ణ ఒడ్డు పల్లె పేరులోని మాట ఒక్క కుటుంబానివే.

నల్లగొండ నుంచి, చరిత్ర చెప్పేవారు:

మాస్టారూ, వాడరేవు సాక్ష్యం గట్టిదే, ఒప్పుకుంటాను. కానీ ఊరి పేరులోని మాట ఒక్కటి పట్టుకుని చరిత్ర కట్టడం నాకు భయం. ప్రతి ఊరికీ ఇట్లాంటి కథ ఒకటి ఉంటది. ‘వట’ అంటే మర్రి, మర్రిపల్లె అని ఒకరు అంటరు. తమిళంలో ‘వడ’ అంటే ఉత్తరం, కృష్ణకు ఉత్తరపు ఒడ్డు కాబట్టి వడపల్లి అని ఇంకొకరు అంటరు. మీరు ఓడ అంటున్నరు. దీనిలో ఏది నిజమో తేల్చాలంటే నది ఏమి మోసిందో, ఎక్కడి నుంచి ఎక్కడికి మోసిందో చూడాలి. అది చూపించండి, అప్పుడు మాట నిలబడుతది.

ఇంకోటి. ఈ మధ్య ఫోన్లలో ఒక ప్రచారం తిరుగుతోంది, రోమ్ ఓడలు నేరుగా వాడపల్లిలో లంగరు వేసేవని. పిల్లలకు అది మాత్రం చెప్పొద్దు.

నల్లగొండ నుంచి, పుట్టిల్లు చీరాల:

మాస్టారు చెప్పిన వాడరేవు మా ఊరికి దగ్గర. మా చిన్నప్పుడు ‘వాడరేవులో వాడలు ఉండవేంటి, అన్నీ పడవలేగా’ అని అడిగితే మా తాతయ్య నవ్వి, ‘పడవకే పాతకాలంలో వాడ అనేవాళ్లమ్మా’ అన్నారు. వీధి అని ఆయనకు తోచనే లేదు. నేను పెళ్లయి నల్లగొండ వచ్చాక అద్దంకి రోడ్డు మీద పుట్టింటికి వెళ్తూ బస్సులోంచి వాడపల్లి బోర్డు చూసిన ప్రతిసారీ ఇదీ మా వాడరేవులోని ‘వాడే’ అనుకునేదాన్ని. ఎవరికి చెప్పినా పట్టించుకోలేదు. ఇప్పుడు ఇక్కడ చదివి చాలా సంతోషంగా ఉంది.

మిర్యాలగూడ నుంచి:

అమ్మా, మీ తాతగారి మాట నాకు పది నిఘంటువుల పెట్టు. టీచర్ గారూ, దీన్ని పిల్లల చేత తప్పకుండా రాయించండి.

నల్లగొండ సార్ అడిగినది న్యాయమైన మాట. ముందు చిన్న విషయం: వట, వడ రెండింటిలోనూ మొదటి అక్షరం హ్రస్వం. మన ఊరి పేరులో దీర్ఘం. ఏ వయసు వాళ్లు పలికినా, ఏ కులం వాళ్లు పలికినా ‘వా’ అనే పలుకుతారు. పైగా ఉత్తరానికి ‘వడ’ అనడం తెలుగులో లేదు. కాబట్టి ఆ రెండూ పక్కన పెడదాం.

ఇక నది. మ్యాపు తీసి వాడపల్లి మీద వేలు పెట్టండి. పైకి పోతే నాగార్జున సాగర్. నీళ్ల కింద మునిగిన విజయపురి, ఇక్ష్వాకుల రాజధాని, అక్కడిది. దానికి ఎదురు ఒడ్డున మన నల్లగొండ వైపు ఏలేశ్వరం. అదీ తవ్వి చూశాక మునిగిపోయింది. వాడపల్లి నుంచి కిందికి పోతే పులిచింతల, దాని తర్వాత అమరావతి, అంటే పాత ధాన్యకటకం, ఇంకా కిందికి డెల్టాలో ఘంటసాల. ఈ వరుసలో వాడపల్లి నడిమధ్యన కూర్చుంది. పైన రాజధాని, కింద సముద్రపు రేవు, పక్క నుంచి మూసీ. రేవు కావడానికి ఇంతకంటే మంచి చోటు మన జిల్లాలో లేదు.

నాగార్జునకొండలో దొరికిన ఒక శాసనం ఈ వరుసను కళ్లకు కడుతుంది. ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుడి 14వ రాజ్య సంవత్సరంలో బోధిసిరి అనే బౌద్ధ ఉపాసిక వేయించిన శాసనం అది. ఆమె రాణి కాదు, గృహస్థురాలు. తంబపణ్ణి ఆచార్యుల కోసం, అంటే సింహళం నుంచి వచ్చిన భిక్షువుల కోసం చైత్యగృహం కట్టించింది. ఆ ఆచార్యులు ధర్మం చెప్పిన దేశాలంటూ కాశ్మీరం, గాంధారం, చీనా, తోసలి, వంగ, వనవాసి, ద్రమిళం వంటి పేర్లు వరుసగా చెక్కించింది. ఆమె ఇతర చోట్ల చేసిన దానాలు కూడా అందులో ఉన్నాయి. ‘కంటకసేల’ మహాచైత్యం తూర్పు ద్వారం దగ్గర రాతి మండపం వాటిలో ఒకటి. ఆ కంటకసేలే నేటి ఘంటసాల. గ్రీకు భూగోళవేత్త టాలెమీ రెండో శతాబ్దంలో ‘కంటకొస్సిల’ అని రాసిన వర్తక కేంద్రమూ అదే. ఒక గృహిణి దానం పైన విజయపురిలోనూ ఉంది, కింద సముద్రం దగ్గరి ఘంటసాలలోనూ ఉంది. మధ్యలో ఉన్నది ఈ నదే.

టాలెమీ అక్కడే ఇంకో మాట చెప్పాడు. ఈ తీరంలో ఒక చోటి నుంచి సువర్ణభూమికి, అంటే ఆగ్నేయాసియా వైపు, పోయే ఓడలు ఒడ్డు విడిచి నడిసముద్రంలోకి మళ్లుతాయని. తూర్పు తీరంలో దొరికిన శాతవాహనుల సీసపు నాణేల మీద రెండు కొయ్యల ఓడ బొమ్మ ఉంటుంది. యజ్ఞశ్రీ శాతకర్ణి నాణేలుగా వాటికి పేరు. చేతి గోరంత సీసపు బిళ్ల మీద రెండు తెరచాప కొయ్యలు, కింద వంపు తిరిగిన అడుగు, దానికి తగిలించిన తెడ్లు. ఓడను నాణెం మీద ముద్ర వేసుకున్నారంటే దాని మీద ఎంత రాబడి ఉండేదో ఊహించుకోవచ్చు.

మరి మన వైపు ఏమైనా చేరిందా అంటే, చేరింది. నల్లగొండ జిల్లా అక్కన్‌పల్లిలో 1500కు పైగా రోమన్ వెండి నాణేలు ఒక్కచోట దొరికాయి. ఎక్కువ భాగం అగస్టస్, టైబీరియస్ కాలం నాటివి. నాగార్జునకొండలోనూ రోమన్ బంగారు నాణేలు దొరికాయి. ఇక్కడే నల్లగొండ సార్ హెచ్చరిక గుర్తుంచుకోవాలి. రోమన్ నాణెం దొరికినంత మాత్రాన రోమన్ మనిషి వచ్చాడని కాదు, రోమన్ ఓడ అసలే కాదు. సముద్రపు ఓడ అడుగు లోతుగా ఉంటుంది. కృష్ణ ఎండాకాలంలో బండల మధ్య పాయలుగా పారే నది. పెద్ద ఓడ డెల్టాలోనే ఆగాలి. అక్కడ సరకు దింపి, తేలిక అడుగు ఉన్న ఏటి పడవల్లోకి మార్చి, నీళ్లు నిండుగా ఉన్న నెలల్లో పైకి లాక్కురావాలి. మిగతా దారి ఎడ్ల మీద. నదులున్న ప్రతి దేశంలో వర్తకం అలాగే నడిచింది.

అందుకే మొదట్లో ఓడ వేరు అన్నాను. వాడపల్లిలో ఆగింది ఏటి ఓడ. దాని కడుపులో ఉన్న మూటల్లో కొన్ని మాత్రం సముద్రాలు దాటి వచ్చాయి.

కాకతీయుల కాలానికి వద్దాం. ఇది నాకు చాలా ఇష్టమైన భాగం, కొంచెం ఎక్కువ రాస్తే భరించండి. గణపతిదేవుడు శక సంవత్సరం 1166లో, అంటే 1244–45లో, మోటుపల్లి రేవులో అభయశాసనం వేయించాడు. మోటుపల్లి ఇప్పుడు బాపట్ల జిల్లాలో ఉంది. శాసనం అక్కడి వీరభద్రుని గుడి దగ్గర ఉంది. దానిలో ఏముందో మన మాటల్లో చెబుతాను. ‘ఒక దేశం నుంచి ఇంకో దేశానికి పోతూ తుఫానులో చిక్కి, దెబ్బతిని, మా ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల్లోని బంగారాన్ని, ఏనుగులను, గుర్రాలను, రత్నాలను వెనుకటి రాజులు బలవంతంగా లాక్కునేవారు. మేము మాత్రం, ప్రాణం కంటే ధనం గొప్పదని సముద్రం దాటే సాహసం చేసిన వాళ్ల మీద దయతో, నిర్ణయించిన సుంకం తప్ప మిగతాదంతా వదిలేస్తున్నాం.’ సుంకం ముప్పయ్యో వంతు. ఆ తర్వాత సరకుల జాబితా: గంధం, కర్పూరం, పన్నీరు, ఏనుగు దంతం, ముత్యాలు, పగడాలు, రాగి, సీసం, పట్టు, మిరియాలు, పోకలు.

దీన్ని ఓరుగల్లులో కూర్చున్న రాజు ఎందుకు వేయించాడు? ఓరుగల్లుకు సముద్రం లేదు. కానీ అక్కడి కోట మార్కెట్లో, గుళ్లలో కావలసిన కర్పూరం, పన్నీరు, పట్టు మోటుపల్లిలో దిగేవి. మోటుపల్లికి, ఓరుగల్లుకు మధ్య ఏమున్నదో మళ్లీ మ్యాపు చూడండి. ఎక్కడో ఒకచోట కృష్ణ దాటాలి. దాటితే అడుగు పెట్టేది నల్లగొండ గడ్డ మీదే. నార్కట్‌పల్లి–అద్దంకి రోడ్డు కృష్ణను పొందుగుల దగ్గర దాటి వాడపల్లిలోనే దిగుతోంది, గుంటూరు రైలు విష్ణుపురం దగ్గర దాటుతోంది. ఇంజినీర్లు శాసనాలు చదివి వంతెనలు కట్టలేదు, గట్టి ఒడ్డు చూసుకుని కట్టారు. పాతకాలం బేహారులు కూడా గట్టి ఒడ్డే చూసుకుని ఉంటారు.

భాషా చర్చ కాబట్టి ఒక పద్యపాదం ఇక్కడ పెట్టాలి. శ్రీనాథుడు హరవిలాసాన్ని అంకితం ఇచ్చింది అవచి తిప్పయ సెట్టికి. కొండవీటి రాజు కుమారగిరి రెడ్డి వసంతోత్సవాలకు సుగంధద్రవ్యాలు సమకూర్చిన సముద్ర వర్తకుడు ఆయన. ఆ సెట్టి సరకు తెప్పించిన తీరు చెబుతూ శ్రీనాథుడు ‘శరధిం గప్పలి జోంగు వల్లి వలికా సమ్మన్ల దెప్పించు’ అన్నాడు. ఒక్క పాదంలో అయిదు రకాల ఓడలు! కప్పలి తమిళుల కప్పల్. జోంగు మలయా సముద్రాల జోంగ్, మనం ఇంగ్లీషు ద్వారా ‘జంక్’ అని విన్నది. సమ్మను అంటే సంపాన్, తూర్పు దేశాల పడవ. రేవులో నిలబడి ఏ దేశపు ఓడను ఆ దేశపు పేరుతో పిలవగల కవి ఆయన. ఆ పేర్లన్నీ విని కూడా జనం తమ ఇంటి మాటగా ఓడను ఉంచుకున్నారు. సామెతల్లోకి ఎక్కింది అదే, ఊరి పేరులోకి ఎక్కింది అదే.

ఆ దారి ఎట్లా మూసుకుపోయిందో కూడా పిల్లలకు చెప్పండి. బెజవాడ దగ్గర ఆనకట్ట 1855కు పూర్తయింది. సరకు కాలువల వైపు తిరిగింది. తర్వాత రోడ్లు, రైళ్లు. 1967కు సాగర్ డ్యాం. పులిచింతలలో నీళ్లు నిలిపాక వాడపల్లి దగ్గర కృష్ణ నిండుగా కనిపిస్తుంది కానీ ఆ నీళ్ల మీద ఇప్పుడు వల వేసేవాళ్లే ఎక్కువ.

నల్లగొండ నుంచి, చరిత్ర చెప్పేవారు:

మాస్టారూ, ఇప్పుడు ఇది నిలబడే వాదన. ఒక్క సవరణ అడుగుతాను. పిల్లల చేత ‘వాడపల్లి అంటే ఓడపల్లి’ అని ఖరారుగా రాయించకుండా, ‘ఓడల పల్లె అన్న అర్థానికి బలమైన ఆధారాలున్నాయి, అవి ఇవి’ అని రాయించండి. పిల్లలు పేరుతో పాటు ఆధారం కూడా నేర్చుకుంటరు.

మిర్యాలగూడ నుంచి:

మనసారా ఒప్పుకుంటున్నాను సార్.

గద్వాల నుంచి:

పెద్దలందరికీ దండాలు. మీరు ఓడ గురించి మాట్లాడుతుంటే మా వైపు మాట ఒకటి చెప్పాలనిపించింది. మాకు ఓడ లేదు, నావ లేదు. మా కృష్ణలో తిరిగేది పుట్టి. వెదురు బద్దలతో గుండ్రంగా, పెద్ద గంపలాగా అల్లుతరు. వెనకట బయట తోలు కప్పేవాళ్లట. ఇప్పుడు ప్లాస్టిక్ పట్టాలు వేసి డాంబర్ పూస్తరు. దీనికి ముందు లేదు, వెనక లేదు. నడిపేటోడు అంచు దగ్గర మోకాళ్ల మీద కూర్చుని ఒక్క తెడ్డుతో నీళ్లను తన వైపు లాక్కుంటడు. తెడ్డు కొంచెం పక్కకు పోయినా పుట్టి గిర్రున తిరుగుతది. కొత్తగా ఎక్కినోళ్లకు టెన్షనే. అలవాటు పడ్డోళ్లు కబుర్లు చెప్పుకుంటూ దాటుతరు. ఒడ్డుకు రాగానే దాన్ని బోర్లించి తల మీద ఎత్తుకుని ఇంటికి పోతరు, నీళ్ల దగ్గర వదలరు.

ఈ పుట్టికి, ధాన్యం కొలత పుట్టికి సంబంధం ఉందా? మా నాయన పొలం పంటను పుట్లలోనే చెప్పేటోడు.

ఇంకోటి, మాకు నది మధ్యలో గుర్రంగడ్డ అనే ఊరు ఉంది. చుట్టూ కృష్ణే. మక్తల్ వైపు శ్రీపాద వల్లభస్వామి ఉన్న కురుగడ్డ కూడా అట్లాంటిదే, పంచదేవ్‌పహాడ్ నుంచి నీళ్లు దాటి పోవాలె. ఇట్లాంటి చోటును మేం గడ్డ అంటం. మీ కోస్తా వాళ్లు ఏమంటరు?

నల్లగొండ నుంచి, పుట్టిల్లు చీరాల:

తమ్ముడూ, మా కృష్ణా డెల్టాలో దివి అంటారు, దివిసీమ పేరు అలా వచ్చిందే. గోదావరి వాళ్లు లంక అంటారు. నది మధ్య ఊరికి గడ్డ అంటారని నేను ఇప్పుడే వింటున్నాను. ఒకే నది మీద పైన గడ్డ, కింద దివి!

మిర్యాలగూడ నుంచి:

గద్వాల తమ్ముడూ, నువ్వు రాసింది అచ్చు వేయదగ్గది. తెడ్డు పట్టే తీరు అంత స్పష్టంగా ఎక్కడా చదవలేదు.

పుట్టి గురించి ఒక పాత సాక్ష్యం నీకు ఇస్తాను. 1520 ప్రాంతంలో హంపి విజయనగరం చూసిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పేస్ ఆనెగొంది దగ్గర తుంగభద్ర దాటే పడవల గురించి రాశాడు. అవి గంపల్లా గుండ్రంగా ఉంటాయని, లోపల వెదురు, బయట తోలు అని, పదిహేను ఇరవై మంది ఎక్కవచ్చని, గుర్రాలను ఎద్దులను కూడా దాటిస్తారని. ఆ తుంగభద్రే కిందికి వచ్చి మీ అలంపురం దాటాక కృష్ణలో కలుస్తుంది. మీ వాళ్లు ‘వెనకట తోలు కప్పేవాళ్లు’ అన్నది ఆయన కళ్లతో చూసి రాసిందే. పారసీక తీరపు హోర్ముజ్ రేవు నుంచి సముద్రం దాటి వచ్చిన హురుముజీ గుర్రం విజయనగరం చేరేముందు చివరికి ఎక్కింది ఈ పుట్టే అయి ఉండొచ్చు. ‘హురుమంజి బలుతేజి హరులు’ అని శ్రీనాథుడు పొగిడిన జాతి గుర్రం వెదురు గంపలో నిలబడి నది దాటడం నాకు కళ్లకు కట్టినట్టు ఉంది.

కొలత సంగతి: ఇరవై తూములు ఒక పుట్టి. పడవ పుట్టి, కొలత పుట్టి రెండూ గంప అన్న తలపు నుంచే వచ్చాయని అనిపిస్తుంది. వెదురు అల్లికే రెండింటికీ మూలం. దీని మీద విడిగా చర్చ పెడదాం, ఇక్కడ ఇరికిస్తే న్యాయం జరగదు.

గడ్డ మాట ఇంకా లోతైనది. మన దగ్గర గడ్డ అంటే ఎత్తు నేల. నీళ్ల మధ్య ఎత్తుగా నిలిచిన నేల కాబట్టి గుర్రంగడ్డ. ఉత్తరాంధ్ర పోతే గెడ్డ అంటే నీళ్లే, పారే వాగు. ఒక చోట నీళ్లలోని నేల, ఇంకో చోట నేల మీది నీళ్లు. ఆ వైపు మిత్రులు ఎవరైనా ఉంటే దీని గురించి రాయండి.

దామరచర్ల నుంచి, అడిగినవారు:

అందరికీ ఎన్ని దండాలు పెట్టినా తక్కువే. ఈ చర్చంతా మా సోషల్ సార్‌కు చూపించాను. ‘ఏరు దాటేదాకా ఓడ మల్లయ్య’ దగ్గర ఆయన మెత్తబడ్డారు. ‘ఈ సామెత రోజూ వాడుతనే ఉన్న, ఎన్నడూ ఇట్ల ఆలోచించలేదు’ అన్నారు. బోధిసిరి శాసనం పాఠం ఆయనే చెబుతానన్నారు.

పిల్లలు ఇంకో ప్రశ్న తెచ్చారు. పడవ భాగాల పేర్లలో మనవి ఏవి, బయటి నుంచి వచ్చినవి ఏవి? తెరచాప, చుక్కాని, లంగరు, సరంగు అని బోర్డు మీద రాసుకున్నారు.

మిర్యాలగూడ నుంచి:

తెరచాప మనదే. తెర, చాప రెండూ ఇంటి మాటలే. నార, తాటాకుల చాపలను తెరగా కట్టిన కాలం ఆ పేరులో ఉంది. తెడ్డు, గెడ, కొయ్య, రేవు కూడా మనవే. లంగరు పారసీకం నుంచి వచ్చింది. సరంగు కూడా అటు నుంచే. చుక్కాని అరబ్బుల ‘సుక్కాన్’. గమనించండి: పడవను కట్టే, తోసే మాటలు మనవి. దూర సముద్రంలో దారి తిప్పడానికి, ఆపడానికి, ఓడ మీద పెత్తనానికి కావలసిన మాటలు అరబ్బు, పారసీక నావికులతో కలిసి పనిచేస్తూ మన వాళ్లు తెచ్చుకున్నారు.

పిల్లలకు ఒక పని పెట్టండి. వాడపల్లిలో చేపలు పట్టేవాళ్ల దగ్గరికి వెళ్లి వాళ్ల పడవలో ప్రతి భాగాన్ని ఏమంటారో అడిగి, వాళ్లు పలికినట్టే రాసుకురమ్మనండి. ముఖ్యంగా మూడు: పడవ మూతికి ఏమంటారు, నీళ్లు తోడే పాత్రకు ఏమంటారు, గాలి ఏ దిక్కు నుంచి వీస్తే ఏ పేరు. గాలుల పేర్లు ముందు అడగమనండి. ఇంజన్ పడవలు వచ్చాక ఆ పేర్లతో అవసరం తగ్గింది. ముసలివాళ్ల దగ్గరే మిగిలి ఉంటాయి. సోమశిల, గద్వాల వైపు వాళ్లు కూడా ఇదే పని చేస్తే రెండు జాబితాలు పక్కపక్కన పెట్టి చూద్దాం.